గేటు గంటకు లేచే మనిషి

ముందే చెప్పేస్తున్నాను. ఉన్నదాన్ని ఉన్నంతే చెప్పడం నాకు చేతకాదు. దోమను చూస్తే కాకి అంటాను, కాకిని చూస్తే విమానం అంటాను. మా ఆవిడ నా మాటల్ని నాలుగుతో భాగించి వింటుంది. ఆఫీసువాళ్ళు పదితో భాగించి, ఆపైన నవ్వుతారు కూడా. మీకు నాతో పరిచయం లేదు కాబట్టి ఎంతతో భాగించుకోవాలో మీ దయకే వదిలేస్తున్నాను. ఒక్క హామీ మాత్రం ఇవ్వగలను. ఇందులో సాగదీసినవి బోలెడు ఉంటాయి గానీ పూర్తిగా పుట్టించింది ఒక్కటే. అదేదో ఆఖర్న నా నోటితో నేనే చెబుతాను.

మొన్న సాయంత్రం ఆఫీసు నుంచి వచ్చి, సంచి మంచం మీద పడేసి, మిరపకాయ బజ్జీల మీద మనసై మళ్ళీ బయటికి నడిచాను. మా గల్లీ మొగలోనే ఉప్పుగూడ రైలు గేటు. గేటుకు అవతల యాదమ్మ బండి. నేను కమాన్ నీడలోకి వచ్చానో లేదో గంట మొదలైంది, గేటు నా ముక్కు మీదే దిగింది. అవతల బాణలిలో బజ్జీలు పడిన చప్పుడు ఇక్కడికి వినిపించింది. ఆ వాసన పట్టాలు దాటి, సిమెంటు లారీని దాటి, వందలాది ఆటోల పొగను చీల్చుకుని, పేరు పెట్టి పిలిచినట్టు సరాసరి నా దగ్గరికే వచ్చింది. తినాలంటే గేటు లేవాలి. గేటు లేవాలంటే రైలు రావాలి. రైలు రావాలంటే దానికి బుద్ధి పుట్టాలి. గంట మోగుతూనే ఉంది.

ఆ గంట వింటే ఉప్పుగూడలో అందరూ ఆగుతారు. ఒకే ఒక్క మనిషి మాత్రం, దేవదానం బాపు, లేచి బయల్దేరేవారు.

నేను మొదటిసారి చూసినప్పుడు ఆయన మా పక్కింటి వసారాలో కూర్చుని ఉప్మా తింటున్నారు. అది ఆయన చెల్లెలు సువార్తమ్మ అత్త ఇల్లు. మా రెండిళ్ళకూ మధ్య గోడ ఒకటే, పోపు వాసనలు ఉమ్మడి. గంట మోగింది. బాపు చెంచా పళ్ళెంలో పడేసి, మూతి తుడుచుకుని, నేల దాకా వేలాడే నల్ల కోటు తొడుక్కుని గల్లీలోకి దూసుకుపోయారు. డెబ్బై దాటిన మనిషి. నాకప్పుడు ముప్పై లేవు, అయినా ఆయన వెంట పరిగెత్తలేక నా ప్రాణం సగం పోయింది. గేటు దాకా వెళ్ళి, దిగిన గేటును చూసి ఠక్కున ఆగి, నడుము మీద చెయ్యి పెట్టుకుని నవ్వడం మొదలుపెట్టారు.

"ఏంది బాపూ, ఏడికి గింత ఉరుకుడు?" అన్నాను రొప్పుతూ.

"ఓటెయ్యనీకి పోతున్న అనుకున్న మల్లేశా. గంట కొడితే కాళ్ళు ఆగయి. అలవాటు వడ్డయి."

దేవదానం బాపు బ్రిటన్ పార్లమెంటు సభ్యులు. మీరు సరిగ్గానే చదివారు. ఆయన నాయన ఇదే గేటు దగ్గర గేట్‌మన్. ఆ గంట కిందే బాపు పుట్టారు, ఆ గంట కిందే అక్షరాలు దిద్దారు, కుర్రతనం వదలకముందే విమానమెక్కి వెళ్ళిపోయారు. అక్కడ ఉత్తరాదిన ఎప్పుడూ వాన పడే ఒక చిన్న ఊళ్ళో బస్సు కండక్టరుగా చేరారు. ఆ ఊళ్ళో పిల్లలు సూర్యుణ్ణి చూస్తే జడుసుకుని ఏడుస్తారు. ఈ మాట బాపు చెప్పింది కాదు, నేను చెబుతున్నది. కండక్టర్ల యూనియన్‌లో తిరిగి, రెండుసార్లు ఎన్నికల్లో ఓడి, మూడోసారి గెలిచారు. గెలిచాక ఆ ఊరివాళ్ళు ఆయన్ని దించడం మరిచిపోయారు. ప్రధానులు మారారు, ప్రభుత్వాలు తలకిందులయ్యాయి, బాపు కోటూ మారలేదు, వెనక వరసలో ఆయన కూర్చునే మూలా మారలేదు. సభలో అందరికంటే ఎక్కువ కాలం ఏకధాటిగా ఉన్న సభ్యుణ్ణి అక్కడ సభకు తండ్రి అని పిలుస్తారట. బాపుకు ఆ గౌరవం ఒక్క మనిషి దూరంలో ఆగిపోయింది. ఆ ముందున్న పెద్దాయన రిటైరూ కాడు, పోనూ పోడు. "మస్తు మంచి ఆరోగ్యం ఆయనది, ఏం జేస్తం" అని బాపు నిట్టూర్చేవారు.

అక్కడ ఓటంటే చెయ్యి ఎత్తడం ఉండదు, మీట నొక్కడం ఉండదు. గంట కొడతారు. సభ్యులు ఎక్కడున్నా, భోజనం ముందున్నా, బాత్రూంలో ఉన్నా, లేచి రావాలి. చుట్టుపక్కల హోటళ్ళలో కూడా ఆ గంట పెట్టించారట. రెండు దారులుంటాయి. అవుననేవాళ్ళు ఒక దారిలో, కాదనేవాళ్ళు రెండో దారిలో నడిచి పోవాలి. తలుపు దగ్గర మనుషులు నిలబడి తలలు లెక్కపెడతారు. కొన్ని నిమిషాలకు తలుపులు మూసేస్తారు, ఆలస్యమైనవాడు ఎంత పెద్దవాడైనా బయటే. ఇది విన్న రోజు నేను ఇంటికెళ్ళి మా నాన్నకు చెబితే, "నీ కోతలకు ఓ అంతుండాలె గదరా" అని లేచి వెళ్ళిపోయారు. నా జీవితంలో నేను చెప్పిన మొదటి అచ్చమైన నిజం అది. ఎవరూ నమ్మలేదు.

ప్రతి డిసెంబరులో క్రిస్మస్‌కు బాపు చెల్లెలింటికి వచ్చేవారు. ఆటో దిగీ దిగకముందే సువార్తమ్మ అత్త అడిగేది ఒకటే.

"అన్నా, ఈసారన్న మంత్రి గిట్ల చేసిన్రా?"

"లేదు చెల్లె."

"మల్ల ఎప్పుడు చేస్తరంట?"

"చేస్తమని ఆళ్ళు ఎప్పుడన్నరు?"

"గంత చదువుకున్నోళ్ళు, మనిషిని గుర్తువట్టుడు రాదు ఆళ్ళకు" అని అత్త ఆ దేశాన్ని మొత్తంగా కొట్టిపారేసి, సూట్‌కేసు అందుకునేది. ఆ సూట్‌కేసు ఏనుగు పిల్లంత బరువుండేది. లోపలున్నవి చాక్లెట్లు, ఊలు బనీన్లు, అంతే.

ఆ దేశంలో సభ్యులు వారాంతంలో సొంత ఊళ్ళో ఒక గదిలో కూర్చుని, వచ్చినవాళ్ళందరి కష్టాలూ వింటారట. డాక్టరు దగ్గరికి వచ్చినట్టు వస్తారు కాబట్టి దాన్ని సర్జరీ అంటారని బాపు చెప్పారు. అత్త బస్తీ అంతా తిరిగి "మా అన్న శనివారం పొద్దుగాల సర్జరీ చేస్తడు" అని చాటింది. మొదటి శనివారం ముగ్గురు కంటి శుక్లాలతో వచ్చారు. వాళ్ళను పంపించాక అసలైనవాళ్ళు మొదలయ్యారు. నల్లా నీళ్ళు రానివాళ్ళు, పింఛను ఆగినవాళ్ళు, కోడలితో పడనివాళ్ళు. ఉప్పుగూడలో ఆయనకు ఒక్క ఓటు లేదు, ఒక్క అధికారం లేదు, ఒక్క ఆఫీసరు ఆయన పేరు విని ఉండడు. అయినా వరస గల్లీ చివరి దాకా, అక్కడి నుంచి పురానాపూల్ దాకా ఉండేది. పురానాపూల్ దాకా అన్నది మీరు కాస్త గట్టిగానే భాగించుకోండి.

వరసను సర్దే పని నాది. బాపు పద్ధతి చూసి నాకు మతిపోయేది. మన దగ్గర పెద్దమనుషులు "చూద్దాం", "అయిపోతది", "నాకు ఇడిసిపెట్టు" అంటారు. మనిషి ఆ మాట పట్టుకుని ఏళ్ళ తరబడి తిరుగుతాడు. బాపు నోట ఆ మాటలు రావు. మొత్తం విని, తనవల్ల కాకపోతే మొదటి నిమిషంలోనే కాదనేస్తారు. ఒక ఆటో అన్న వచ్చి, "బాపూ, జర లండన్‌ల చెప్పి మన ఉప్పుగూడ స్టేషన్ల ఎక్స్‌ప్రెస్ ఆపియ్యరాదూ?" అన్నాడు.

"నాతోని గాదు నాయనా. మా ఊర్ల ఆగే బండినే ఆపించుకోలేకపోయిన. అది సుత ఇప్పుడు పోతనే ఉంటది, ఆగది."

ఆటో అన్న కోపగించుకుంటాడనుకున్నాను. లేచి నిలబడి దండం పెట్టాడు. "ఇన్నేండ్ల నుంచి అందరు అయితదన్నోళ్ళే బాపూ. గాదన్నోళ్ళు మీరొక్కరే. గిప్పుడు నాకు పాణం సల్లబడ్డది" అని, మరుసటి వారం ఇంకో ఇద్దర్ని వెంటబెట్టుకుని వచ్చాడు, వాళ్ళకూ కాదనిపించడానికి.

ఒకరోజు బస్సులో కార్వాన్ బయల్దేరాం. అక్కడ బాపు చిన్ననాటి స్నేహితుడి ఇల్లుండేది. బస్సు ఆగకముందే నేను అలవాటుగా కిటికీలోంచి చేతిరుమాలు సీటు మీదికి విసిరాను. ఎక్కాక నా రుమాలు మీద ఎవరూ కూర్చోలేదు. బాపు కళ్ళు మెరిశాయి. "మా పార్లమెంటుల సుత గిదే కత" అన్నారు. సభ్యులందరికీ సరిపడా సీట్లు లేవట అక్కడ. పొద్దున్నే వచ్చి సీటు మీద తన పేరున్న చీటీ పెట్టి, ప్రార్థనకు నిలబడితేనే ఆ రోజుకు ఆ చోటు దక్కుతుందట. "గంత పెద్ద రాజ్యం చేసిన్రు గని సీట్లు చాల్తలేవు చూడు" అని బాపు కార్వాన్ వచ్చేదాకా నవ్వుతూనే ఉన్నారు. ఆ తరువాత మా డిపో బస్సుల్ని నేను చులకన చేయడం మానేశాను.

తిరిగొస్తూ పురానాపూల్ దగ్గర దిగి చాయ్ తాగాం. ఆయన చాయ్ సాసర్లో పోసుకుని ఊదుకుంటూ తాగేవారు. వెళ్ళేనాటి అలవాట్లు, వెళ్ళేనాటి తెలుగు, రెండూ అట్లాగే దాచుకున్నారు. ధైర్యం చేసి అడిగాను.

"బాపూ, గిన్నేండ్లు ఉండి మంత్రి ఎందుకు గాలే?"

"ఒకపారి రాంగ్ తలుపులకెళ్ళి పోయిన."

ఆయన పార్టీయే అధికారంలో ఉన్నప్పుడట. చిన్న ఊళ్ళ బస్సులు నష్టమని, అవి ఆపేసేందుకు ఒక బిల్లు. బాపును మంత్రిని చేస్తారని పేపర్లన్నీ రాస్తున్న రోజులు. పార్టీ వాళ్ళంతా అవును దారిలో బారులు తీరారు. విప్ తలుపు దగ్గర నిలబడి బాపును చూసి నవ్వుతూ చెయ్యి చాచాడు. బాపు అతన్ని దాటుకుని రెండో దారిలో నడిచారు.

"మరి గెలిచిన్రా?"

"ఏడ గెలుస్తం. మస్తుగ ఓడినం."

"ఓడిపోతరని ఎరుకేనా?"

"పక్కా ఎరుకే."

"మరెందుకు పోయిన్రు బాపూ?"

ఆయన సాసర్ కింద పెట్టారు. "చెయ్యి ఎత్తమంటే ఎత్తుతుంటినేమో మల్లేశా. చెయ్యి ఊకెనే లేస్తది. పక్కోడు ఎత్తితే మనది సుత లేస్తది. కాళ్ళు గట్ల గాదు. ఆ తలుపు దాక నడువాలె. నడుస్తుంటే నా బస్సు యాదికొచ్చింది. కర్ర పట్టుకొని ఎక్కే ముసలామె యాదికొచ్చింది. కాళ్ళు అటే మల్లినయి."

ఆ రెండు చాయ్‌ల డబ్బులు నేనే ఇచ్చాను. ఇది మా ఇంట్లో ఇప్పటికీ ఎవరూ నమ్మని విషయం.

ఇక బండి సంగతి. అప్పట్లో యాదమ్మ బజ్జీల బండి గేటుకు ఇవతల, మా గల్లీ మొగలో ఉండేది. గేటు పడినప్పుడల్లా ఆమెకు బేరం. బండ్లు ఆగుతాయి, మనుషులు దిగుతారు, ఒక ప్లేటు తింటారు. భర్త సెంట్రింగు పని మీద నుంచి పడి నడుము పోగొట్టుకున్నాక ఆ ఇంటి తిండీ, ఇద్దరు ఆడపిల్లల బడీ ఆ బాణలి మీదే నడిచేవి. మా బస్తీ సంఘానికి అధ్యక్షుడు కిషన్ సేట్, సిమెంటు దుకాణం ఆయనది. సేట్ మంచివాడు. ఇందులో సాగదీత లేదు. బస్తీలో చావుకైనా పెళ్ళికైనా మొదట వచ్చేది ఆయన మనుషులే. ఆయనకున్న కోరిక ఒక్కటే. గల్లీ మొగలో వాళ్ళ నాయన పేరున పెద్ద కమాన్, అంటే స్వాగత ద్వారం, కట్టించాలి. దాని స్తంభం సరిగ్గా యాదమ్మ బండి ఉన్నచోటే రావాలి. బండి గల్లీ లోపలికి, ట్రాన్స్‌ఫార్మర్ వెనక్కి పోవాలి. అక్కడ ఎవడాగుతాడు? కుక్క కూడా ఆగేది కాదు.

నేను సంఘానికి జాయింట్ సెక్రటరీని. జాయింట్ సెక్రటరీ అంటే కుర్చీలు వేసేవాడు. వచ్చే ఏడు సెక్రటరీని చేస్తానని సేట్ మాటిచ్చాడు. సెక్రటరీ అంటే మైకు పట్టుకునేవాడు. నాలాంటివాడికి మైకు అంటే ఏమిటో మీకు ఈపాటికి అర్థమయ్యే ఉంటుంది. సంఘం మీటింగులో సేట్ కమాన్ మాట ఎత్తగానే చేతులు అడవిలా లేచాయి. నాది కూడా లేచింది.

ఆ ఆదివారం సేట్ శాలువా, దండ పట్టుకుని అత్త ఇంటికి వచ్చాడు. బాపు చర్చి నుంచి అప్పుడే వచ్చారు.

"బాపూ, కమాన్ శంకుస్థాపన మీ చేతుల మీదనే గావాలె. లండన్ ఎంపీ చెయ్యి పడ్డదంటే మన బస్తీ ఇజ్జతే ఏరు."

"ఆ జాగల గిప్పుడు ఏమున్నది?"

"ఏం లేదు. ఓ బజ్జీ బండున్నది."

"బండి ఉంటే ఏం లేదంటవేంది సేట్?"

"అది లోపటికి పోతది బాపూ. అందరు చేతులెత్తిన్రు. ఏకగ్రీవం."

"యాదమ్మ ఎత్తిందా?"

"ఆమె బండి ఇడిసిపెట్టి మీటింగుకు ఎట్లొస్తది?"

బాపు దండ విప్పి జాగ్రత్తగా సేట్ చేతిలోనే పెట్టారు. "గట్లయితే మల్ల పెట్టుండ్రి మీటింగు. ఆమెను పిలువుండ్రి. నేను కుర్సీల కూసుంట. ఆళ్ళ ఫైసల ఏదైతే అదే నా ఫైసల. నువ్వు గెలిస్తే నేనే వచ్చి రాయి పెడత."

సేట్ నవ్వాడు. ఓడిపోయే అవకాశమే లేదని అందరికీ తెలుసు. సంతోషంగా చాయ్, సమోసాల ఖర్చు కూడా తనదే అన్నాడు.

మీటింగు అత్త ఇంటి హాల్లో. ఎర్రకోట దర్బారంత హాలు అది, మా ఇంట్లోంచి మోసుకెళ్ళిన కుర్చీలతో నిండిపోయింది. బాపు మొదట్లోనే నియమం పెట్టారు. ఎవరు మాట్లాడినా అధ్యక్షుడి మొహం చూసి మాట్లాడాలి, ఒకరితో ఒకరు మాట్లాడుకోకూడదు. వాళ్ళ సభలో అంతేనట.

సేట్ లేచాడు. "అధ్యక్షా, గల్లికి కమాన్ ఉంటే ఓ ఇజ్జత్. పెండ్లి పత్రికల మీద గర్వంగ అడ్రస్ రాసుకోవచ్చు."

యాదమ్మ కొంగు నడుముకు చెక్కుకుని నిలబడింది. చేతులకు ఇంకా శనగపిండి ఉంది. "అధ్యక్షా, పెండ్లి పత్రికల మీద గిప్పుడేం రాస్తున్రో ఈ సేట్‌ను అడుగుండ్రి. 'యాదమ్మ బండి కాడ దిగుండ్రి' అనే రాస్తున్రు అందరు."

హాలంతా గొల్లున నవ్వింది. సేట్ ఆమె వైపు తిరిగి "ఏ యాదమ్మా, నేనేమన్న నిన్ను..." అనబోయాడు.

"నా దిక్కు సూడు సేట్, ఆమె దిక్కు గాదు" అన్నారు బాపు.

"అధ్యక్షా, నేను ఆమెను ఎల్లగొడుతలేను. లోపట జాగ సూపిస్తున్న."

"అధ్యక్షా, నిన్న పొద్దుమీకి సుత ఈ సేట్ నా కాడ నిలవడి తిని, కారం తక్కువైందన్నడు. రేపు లోపటికి పోతే నా బాణలి సల్లగైతది. నా పిల్లలు బడి బందు వెడ్తరు. గంతే. ఇంకేం జెప్ప నేను." ఆమె కూర్చుంది.

చేతులెత్తుదామని ఎవరో అన్నారు. బాపు తల అడ్డంగా ఊపారు. "చేతులు వద్దు. నడువుండ్రి." హాలుకు రెండు తలుపులు. కమాన్ కావాలంటే ముందు తలుపు, వద్దంటే వెనక తలుపు. రైలు గేటు గంట మోగినప్పుడు లేవాలి, రైలు దాటిపోయాక తలుపులు మూసేయాలి. ముందు తలుపు దగ్గర లెక్కకు సేట్ బామ్మర్ది, వెనక తలుపు దగ్గర సువార్తమ్మ అత్త. ఇక్కడో సంగతి చెప్పాలి. ముందు తలుపు బయట షామియానా, దాని కింద సేట్ పెట్టించిన చాయ్, వేడి వేడి సమోసాలు. వెనక తలుపు బయట బట్టలుతికే బండ, ఒక జామచెట్టు, అత్త కోళ్ళు. ప్రజాస్వామ్యానికి మా బస్తీ చేసిన ఏర్పాట్లు అవి.

గంట మోగింది. బాపు కుర్చీలో కూర్చున్నా ఆయన మోకాళ్ళు కదిలాయి, నేను చూశాను. జనం లేచి సమోసాల వైపు వెళ్ళారు. అంతలో రాములు తాత చేతిలో సమోసాతో వెనక్కొచ్చాడు. "అధ్యక్షా, నేను సమోసాకు పోయిన, ఓటుకు గాదు. గిప్పుడెట్ల?"

"ఎనక తలుపులకెళ్ళి సుత పో. రెండు ఓట్లు కొట్టుకపోతయి" అన్నారు బాపు. అక్కడ పొరపాటున రాంగ్ దారిలో పోయినవాడు అదే చేస్తాడట. తాత సమోసా నములుతూ హాలు దాటి కోళ్ళ మధ్యకు పోయాడు. ఆయన వెనక ఒక్కొక్కరే మొదలయ్యారు.

నేను కుర్చీలు సర్దుతున్నట్టు నటిస్తూ హాలు మధ్యలో నిలబడ్డాను. ముందు తలుపులోంచి సేట్ పిలిచాడు. "దా మల్లేశా, చాయ్ సల్లగైతున్నది." నా చెయ్యి లేచి "వస్తున్న సేట్" అన్నట్టు ఊగింది. బాపు నన్ను చూడటం లేదు, గడియారం చూస్తున్నారు. యాదమ్మ ఎవరినీ చూడటం లేదు, గోళ్ళలోని పిండి గీక్కుంటోంది. నాకు మైకు కనిపించింది. ఆ వెంటనే, గేటు పడిన ఒక వాన సాయంత్రం నా దగ్గర చిల్లర లేకపోతే "రేపియ్యి అన్నా" అని ఆమె చేతిలో పెట్టిన ప్లేటు కనిపించింది. కాళ్ళు కదిలాయి. వెనక తలుపు దాటుతుంటే అత్త నా నెత్తి మీద చెయ్యి వేసి లెక్కపెట్టింది, బడిపిల్లాణ్ణి లెక్కపెట్టినట్టు.

రైలు పోయింది. తలుపులు మూశారు. లెక్కలు బాపు చెవిలో చెప్పారు. ఆయన లేచి నిలబడి ప్రకటించారు: రెండు వైపులా సరిసమానం! ఊరు ఊరంతా ఊపిరి బిగబట్టింది. కోళ్ళు కూడా గింజలు ఏరుకోవడం మానేశాయి. అట్లాంటప్పుడు అధ్యక్షుడి ఓటే ఆఖరిది. ఆ ఓటు ఎప్పుడూ ఉన్నదాన్ని ఉన్నట్టే ఉంచాలని వాళ్ళ సభలో ఆచారమట. "బండి ఏడున్నదో ఆడనే ఉంటది" అన్నారు బాపు. జామచెట్టు మీద చిలకలు లేచాయి, యాదమ్మ అత్తను కౌగిలించుకుని ఏడ్చింది, జనం బాపును భుజాలకెత్తుకుని చార్మినార్ దాకా ఊరేగించారు.

సేట్ నాతో గొడవపడలేదు. వచ్చే ఏడు సెక్రటరీగా ఇంకొకరి పేరు చదివాడు, అంతే. కుర్చీల పని కూడా పోయింది. మైకు దక్కనివాడు ఏం చేస్తాడు? కాగితం మీద మాట్లాడటం మొదలుపెట్టాను. మీరు ఇప్పుడు పడుతున్న అవస్థకు మూలం ఆ వెనక తలుపే.

బాపు మరికొన్ని డిసెంబర్లు వచ్చారు. తరువాత ఎన్నికల్లో నిలబడటం మానేశారు, ఆపైన ప్రయాణం మానేశారు. ఒక ఉదయం గోడ మీదుగా సువార్తమ్మ అత్త మొహం కనిపించింది. "మీ బాపు పోయిండు మల్లేశా" అంది. గోడ మీది ఎండుటాకులు చేత్తో ఊడుస్తూ, "మంత్రి గాకుండనే పోయిండు" అంది. ఆయన శవపేటిక వెళ్ళే దారిలో ఆ ఊరి బస్సులన్నీ ఆగి నిలబడ్డాయట. అత్తకు ఫోనులో చెప్పింది ఒక్క బస్సని. మిగతావి నేను నిలబెట్టాను.

ఇక మాట నిలబెట్టుకోవాలి. గంట, రెండు దారులు, సీటు మీద చీటీ, రెండు ఓట్లు కొట్టుకుపోవడం, మీరు నమ్మనివన్నీ నిజం. నేను వెనక తలుపులోంచి నడిచింది నిజం. పుట్టించింది ఆ సరిసమానం. శ్రద్ధగా చదివినవారికి ఎప్పుడో అనుమానం వచ్చి ఉండాలి. మేం గెలిచి ఉంటే బండి గేటుకు ఇవతలే ఉండాలి కదా. మరి మొన్న నేను గేటు లేవడం కోసం, అదీ కమాన్ నీడలో, ఎందుకు నిలబడ్డాను?

ఆ రోజు మేం ఓడిపోయాం. బాపు మాటల్లో చెప్పాలంటే మస్తుగా ఓడాం. జామచెట్టు కింద మిగిలినవాళ్ళం ఒక్క ఆటోలో పట్టేంతమందిమి. బాపు లెక్క చదివి, మరునాడు వచ్చి రాయి పెడతానని సేట్‌కు మాటిచ్చి, నేరుగా పెరట్లోకి వచ్చారు. యాదమ్మ బండ మీద కూర్చుని ఉంది. మేం నేల చూస్తున్నాం.

"ఏంది గట్ల నిలవడ్డరు?" అన్నారు. "గేటు పడితే ఒక్క దిక్కే ఆగుతరా? అటు దిక్కు ఆగరా?"

గేట్‌మన్ కొడుకు తప్ప ఎవరంటారు ఆ మాట? పట్టాలకు అవతల మా సంఘం హద్దు కాదు. బాపు మరునాడు సేట్ కమాన్‌కు రాయి పెట్టి, అదే కోటుతో అవతలి బస్తీ పెద్దమనిషి ఇంటికి వెళ్ళి, "మీ ఇలాఖల అడుగువెడుతున్న, ముందుగాల మీకే చెప్తున్న" అన్నారు. వాళ్ళ సభలో సభ్యుడు ఇంకొకరి నియోజకవర్గానికి వెళ్ళేముందు అట్లా చెప్పాలట. ఆ పెద్దమనిషి పొంగిపోయి, తన ప్రహరీ పక్కనే జాగా చూపించాడు. గేటు తెరిచి ఉన్న వేళ, ఆటోలో పట్టేంతమందిమి ఆ బండిని పట్టాలు దాటించాం. బాపు ముందు నడుస్తూ అటూ ఇటూ చూసి, వాళ్ళ నాయన చూపినట్టే చెయ్యి ఊపారు.

మొన్న రైలు పోయి గేటు లేచాక అవతలికి నడిచాను. మేం గెలిచినట్టు అంతకుముందే రాసి జేబులో పెట్టుకున్న కాగితాలు యాదమ్మకు చదివి వినిపించాను. కనీసం కాగితం మీదైనా ఆమెకో గెలుపు ఇద్దామని నా ఉద్దేశం. ఆమె జారగంటె ఆపి పెదవి విరిచింది.

"ఏందన్నా గది. ఓడిందే మంచిగుండె గద? బాపు ముందట, నా బండి ఎనక. గది రాయి."

రాశాను. ఎవరైనా చేతులెత్తమంటే నేనిప్పుడు ముందుగా నా కాళ్ళనడుగుతాను. అవి ఒప్పుకుంటేనే చెయ్యి లేస్తుంది. ఆ సాయంత్రం యాదమ్మ పక్కన కిషన్ సేట్ నిలబడి, కారం తక్కువైందని గొణుగుతూ రెండో ప్లేటు తింటున్నాడు. నా చేతిలో పెట్టిన బజ్జీ మోచెయ్యంత ఉంది. దీన్ని మాత్రం దేనితోనూ భాగించకండి.